పాత ఇంట్లో నిలిచిన దిగులును పరీక్షించే విధానం

ఒక చోట అనుభవించిన దుఃఖమో, కోపమో గోడల్లో ముద్రపడి, తరువాత అక్కడ అడుగుపెట్టినవారికి తగులుతుందనే ఊహను ‘స్టోన్ టేప్’ సిద్ధాంతం అంటారు. 1972లో బీబీసీ ప్రసారం చేసిన నాటకం నుంచి ఆ పేరు వచ్చింది. దీనికి శాస్త్రీయ ఆధారం లేదు గానీ, కలిగే అనుభూతిని పరీక్షించవచ్చు.

ముందుగా ఆ ఇంటి సంగతులేవీ తెలియని ముగ్గురు నలుగురిని విడివిడిగా లోపలికి పంపి, ఏ మూల ఏమనిపించిందో ఒకరితో ఒకరు మాట్లాడుకోకముందే గది పటం మీద గుర్తు పెట్టించాలి. కథ చెప్పి పంపితే వారు రాసిచ్చేది మీ కథే.

తరువాత ఫ్యాన్లు, మోటార్లు ఆపించి మళ్లీ పంపాలి. చాలామంది వదిలేసే పని ఇదే. ఇంగ్లండులో ఇంజనీరు విక్ టాండీ, తన ప్రయోగశాలలో కలిగిన దిగులుకూ, కంటి కొసన కనిపించిన బూడిదరంగు ఆకారానికీ ఎగ్జాస్ట్ ఫ్యాన్ పుట్టించిన, చెవికి అందని సుమారు 19 హెర్ట్జ్‌ల ధ్వని కారణమని 1998లో ప్రచురించిన వ్యాసంలో వాదించారు. వైస్‌లో (వస్తువును కదలకుండా పట్టి ఉంచే పనిముట్టులో) బిగించిన కత్తిసాము కత్తి ఎవరూ తాకకుండానే కంపించడం ఆయనకు దొరికిన ఆచూకీ.

కుంపటి గానీ, గ్యాస్ గీజర్ గానీ ఉన్న చోట తల బరువెక్కితే పరీక్ష మానేసి వెంటనే బయటికి రావాలి. వాటి నుంచి వెలువడే విషవాయువు కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు.