హాకీ గోల్‌కీపింగ్ స్వయంబోధిని – ఆరవ పాఠం: ఎక్కడ నిలబడాలి?

గత పాఠంలో నిలబడే భంగిమను అభ్యసించాం. ఒడిశాలోని పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ ప్రాంతాల నుంచి ఈ పాఠాలను అనుసరిస్తున్న అమ్మాయిలు ఇప్పుడు ఆ భంగిమను గోల్ ముందు ఏ చోటికి తీసుకువెళ్లాలో తెలుసుకోవాలి. గోల్‌కీపర్ విద్యలో నేను అన్నిటికంటే ముఖ్యమని నమ్మేది ఇదే.

హాకీ గోల్ వెడల్పు 3.66 మీటర్లు, ఎత్తు 2.14 మీటర్లు. రెండు స్తంభాలకూ చెరొక కొబ్బరితాడు కట్టి, వాటి కొసలను గోల్‌కు ఎదురుగా, డి (గోల్ ముందు గీసిన అర్ధవృత్తం లాంటి హద్దు) అంచున, అంటే 14.63 మీటర్ల దూరంలో ఉంచిన బంతి దగ్గర కలపండి. గోల్ గీత మీద నిలబడితే మీరు కాయవలసిన వెడల్పు మొత్తం 3.66 మీటర్లే, అదే మూడు మీటర్లు ముందుకు వస్తే, మీకు ఇరువైపులా ఉన్న తాళ్ల మధ్య ఎడం సుమారు 2.9 మీటర్లకు తగ్గిపోతుంది. బంతిని పక్కకు జరిపి, తాళ్లను కూడా జరిపి, ప్రతిసారీ వాటి నడుమకు చేరుకోండి. తాడు కనిపించకపోయినా దాని దారి మీ మనసులో నిలిచేవరకు ఈ సాధన వదలకూడదు.

అయితే మరీ ముందుకు వెళితే ప్రత్యర్థి బంతిని పక్కనున్న ఆటగత్తెకు అందించి ఖాళీ గోల్ చూపిస్తుంది. పైగా డి దాటాక బంతిని కాలితో ఆపే హక్కు మీకు ఉండదు, స్టిక్ ఒక్కటే మిగులుతుంది.

ఈ విద్య ఎంత దూరం తీసుకువెళుతుందో భారత మహిళల హాకీ గోల్‌కీపర్‌ సవితా పునియా జీవితంలో చూడవచ్చు. హర్యానాలోని సిర్సా జిల్లా జోధ్కాన్ గ్రామంలో 1990లో పుట్టిన ఆమె, బరువైన గోల్‌కీపర్ సామాను మోసుకుంటూ బస్సుల్లో శిక్షణకు వెళ్లి, 2011లో సీనియర్ జట్టులోకి వచ్చింది. 2017 ఆసియా కప్ ఫైనల్లో చైనాతో ఆట 1-1గా ముగిసినప్పుడు, షూటౌట్‌లో (సమంగా ముగిసిన ఆటను తేల్చడానికి ఒక్కో ఆటగత్తె ఒంటరిగా కీపర్‌ను ఎదుర్కొనే పోటీలో) 5-4తో భారత్ గెలవడానికి ఆమె అడ్డుకున్న ప్రయత్నమే కారణమైంది. షూటౌట్‌లో దాడి చేసే ఆటగత్తె 23 మీటర్ల గీత నుంచి మొదలై 8 సెకన్లలో ముగించాలి. కీపర్ గోల్ గీత దగ్గర నుంచి బయలుదేరి, కోణాన్ని కుదిస్తూ, ఆమె పక్కకు మళ్లక తప్పకుండా చేసి ఆ సమయాన్ని హరించాలి. ఈ సందర్భంలో తొందరపడి ముందుగా పడిపోవడం కంటే పెద్ద పొరపాటు లేదు.

టోక్యో ఒలింపిక్స్ క్వార్టర్ ఫైనల్లో ఆస్ట్రేలియాకు ఒక్క గోల్ కూడా ఇవ్వకుండా జట్టును 1-0తో సెమీఫైనల్‌కు చేర్చినప్పుడు కూడా సవిత బలం దూకుళ్ల కంటే నిలకడలోనే ఉందని నా అభిప్రాయం. 2021 నుంచి వరుసగా మూడేళ్లు ప్రపంచ ఉత్తమ గోల్‌కీపర్‌గా ఆమె ఎంపికైంది. మన చిత్తూరు ప్రాంతపు ఎతిమర్పు రజనీ కూడా ఇదే స్థానంలో దేశానికి ఆడిన క్రీడాకారిణి అని గర్వంగా గుర్తుంచుకోండి.

గజపతి జిల్లాలోని ఎర్రమట్టి నేల మీద బంతి గులకరాయికి తగిలి ఎగురుతుంది. కాబట్టి మీరు తాళ్ల నడుమ సరిగా నిలిచినా, స్టిక్ వెనుక కిక్కర్ (బూటు మీద తొడిగే మందపాటి రక్షణ తొడుగు), కిక్కర్ వెనుక శరీరం ఉండేలా చూసుకోవాలి. ఈ వారం రోజుకు ముప్పై బంతులు, పది ఎదురుగా, పది కుడివైపు నుంచి, పది ఎడమవైపు నుంచి, స్నేహితురాలి చేత కొట్టించుకోండి; మొదటి నాలుగు రోజులూ తాళ్లు ఉంచి, ఆపైన తీసివేయండి.