గురువుగారి మాట, కంపెనీ ఖాతా: రెండూ కలవకుండా చూసుకోవడం ఎలా

మాదాపూర్‌లో నాలుగు కో-వర్కింగ్ సీట్లు తీసుకుని స్టార్టప్ నడిపేవాళ్లకి జీతాలు, సర్వర్ బిల్లుల టెన్షన్ ఎలాగూ ఉంటుంది. దానికి తోడు బయటికి చెప్పుకోలేనిది ఇంకోటుంది. ఇంట్లో అందరూ నమ్మే ఒక గురువుగారో పాస్టరుగారో "నువ్వు రావడం మానేశాకే కదా ఆ క్లయింట్ పోయింది" అంటారు, మనకి ఆ రాత్రి నిద్ర పట్టదు. దేవుణ్ణి మానేయమని నేను చెప్పను, కంపెనీని మాత్రం వాళ్ల చేతిలో పెట్టకండి.

ఆ మాట విన్న రోజే కూర్చుని క్లయింట్ ఎందుకు పోయాడో రెండు లైన్లు రాయండి. డెమో మధ్యలో లాగిన్ ఆగిపోయిందా, రేటు ఎక్కువన్నారా, వాళ్ల బడ్జెట్టే కోసేశారా? తెలియకపోతే ఫోన్ చేసి అడగండి. అసలు కారణం తెలియనంతకాలం ఎవరేం చెప్పినా నిజమేనేమో అనిపిస్తుంది.

ఇక డబ్బు, గొడవంతా ఇక్కడే. హోమానికైనా దశమ భాగానికైనా మీ జీతంలోంచి, మీ సొంత ఖాతా నుంచే ఇవ్వండి. "ఎంతలే" అని కంపెనీ ఖాతా నుంచి 11,116 పంపేసి, సీఏ ఆ లైను దగ్గర ఆగి "ఇదేంటి బాబూ" అంటే "మిస్లేనియస్‌లో వేసేయండి సార్" అనే పరిస్థితి తెచ్చుకోవద్దు. కంపెనీల చట్టం 2013, సెక్షన్ 181 ప్రకారం దాతృత్వ నిధులకి విరాళం ఇవ్వాల్సింది డైరెక్టర్ల బోర్డు. అదీ గత మూడేళ్ల సగటు నికర లాభంలో 5 శాతం దాటితే ముందుగా వాటాదారుల సమావేశం అనుమతి కావాలి. ఇంకా లాభం మొహమే చూడని కంపెనీకి ఆ 5 శాతం ఎంతో మీరే లెక్కేసుకోండి. నిజానికి ఈ సెక్షన్ మనకి మంచి సాకు కూడా: "ఇవ్వను" అంటే ఇంట్లో వారం రోజులు మాటలుండవు, "బోర్డు ఒప్పుకోవాలండీ" అంటే ఎవరూ ఏమీ అనలేరు.

మంచి రోజు చూసి ఆఫీసు తెరవండి, దసరాకి ల్యాప్‌టాప్‌లకి బొట్టు పెట్టండి, తప్పేం లేదు. మూఢం ఉందని క్లయింట్‌కి ఒప్పుకున్న డెలివరీ మాత్రం వాయిదా వేయకండి. జీతాల్లో కోసిన పన్ను, అంటే టీడీఎస్ (మార్చిది తప్ప), మరుసటి నెల 7వ తేదీకల్లా కట్టాలి, అమావాస్య అని ఆగితే వడ్డీ పడుతుంది. పెద్దవాళ్లు మరీ పట్టుబడితే సాఫ్ట్‌వేర్ ఒప్పందం ప్రకారం ఇచ్చేసి, ప్రారంభోత్సవం పూజ వాళ్లు చెప్పిన రోజున పెట్టుకోండి.

అన్నిటికన్నా కష్టం అమ్మతో మాట్లాడటం. "ఆయన దొంగ" అని మొదలుపెడితే ఆ రోజుకి అయిపోయినట్టే. "అమ్మా, పూజకి వస్తాను. కానీ ఎవర్ని పనిలో పెట్టుకోవాలి, ఎంత అప్పు చేయాలి అన్నవి ఆయన్ని అడగను" అని చెప్పండి, మళ్లీ అడిగితే మళ్లీ అదే చెప్పండి. ఓ శుక్రవారం చిలుకూరు బాలాజీ గుడికి తీసుకెళ్లండి. అక్కడ హుండీ లేదు, 11 ప్రదక్షిణలు చేసి మొక్కుకోవడం, కోరిక తీరాక 108 చేయడం, అంతే. దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడన్న సామెత అమ్మకి మనకన్నా బాగా తెలుసు.

సత్సంగం లింకులు ఆఫీసు వాట్సాప్ గ్రూపులో పెట్టకండి. ఇంక్రిమెంట్ ఆగుతుందేమోనన్న భయంతో వచ్చేవాళ్లుంటారు, మీ మీద పడిన ఒత్తిడినే మీరు వాళ్ల మీద పెట్టినట్టవుతుంది. అలాగే సత్సంగంలో పరిచయమైన అంకుల్ "ఉంచుకో బాబూ, దేవుడి డబ్బు" అని అప్పు ఇస్తానంటే, కంపెనీ పేరు మీద తీసుకునే ముందు సీఏని అడగండి. డైరెక్టర్లు, వాళ్ల బంధువులు కానివాళ్ల దగ్గర అప్పు తీసుకుంటే కంపెనీలు బయటివాళ్ల డబ్బు తీసుకోవడం మీద ఉన్న డిపాజిట్ నిబంధనల్లో ఇరుక్కునే అవకాశం ఉంది.