సొంత ఇల్లు కట్టించడం, 4వ పాఠం: పిల్లర్ల నుంచి బయటి గోడల దాకా

పోయిన పాఠంలో ప్లింత్ బీమ్ (నేలకి కాస్త పైన పిల్లర్లని కలిపే బీమ్) దాకా వచ్చి ఆగాం. ఇక్కడి నుంచి పని వేగం ఒక్కసారిగా పెరుగుతుంది. సెంట్రింగ్ వాళ్ళు, రాడ్ బెండింగ్ వాళ్ళు, కాంక్రీటు బ్యాచ్, తాపీ మేస్త్రీలు, కరెంటు పనివాళ్ళు, ఎవరి తొందర వాళ్ళది. ఇంతమంది మధ్య ఇంటి యజమానిగా మీరేం చేయాలి అన్నదే ఈ పాఠం.

రోజంతా సైటులో కుర్చీ వేసుకుని కూర్చోనక్కర్లేదు. కానీ కొన్ని రోజులుంటాయి, అవి దాటితే లోపల ఏముందో మళ్ళీ ఎవరూ చూడలేరు. పిల్లర్‌కి షీట్లు (కాంక్రీటు పోసే అచ్చు పలకలు) బిగించే రోజు, స్లాబ్ మీద కాంక్రీటు పడే రోజు, గోడ మీద ప్లాస్టరింగ్ ఎక్కే రోజు. వీటిని నేను మూత పడే రోజులంటాను. ఆఫీసుకి సెలవు పెట్టాల్సింది శంకుస్థాపనకి కాదు, వీటికి.

కాబట్టి మేస్త్రీతో ఒక మాట ఇప్పుడే కాగితం మీద రాసుకోండి: ఏ మూత వేయాలన్నా 24 గంటల ముందు చెప్పాలి, ఇంజనీరు చూసి సరే అన్నాకే కాంక్రీటు కలపాలి. డబ్బు వాయిదాలు కూడా తేదీలకి కాకుండా ఈ తనిఖీలకే ముడిపెట్టండి. "పదో తారీఖున ఇస్తాను" అంటే పదో తారీఖు ఎలాగూ వస్తుంది, పని మాత్రం రాకపోవచ్చు.

పిల్లర్లు

ముందు స్టార్టర్ చూడండి. పిల్లర్ అడుగున నాలుగైదు అంగుళాల ఎత్తున పోసే చిన్న దిమ్మె అది. షీట్లు దాన్ని పట్టుకునే నిలబడతాయి కాబట్టి అది పక్కకి జరిగితే పిల్లర్ మొత్తం జరుగుతుంది. నాలుగు పిల్లర్లు కలిసే ప్రతి గది దగ్గరా టేపుతో రెండు కర్ణాలూ కొలవండి. ఎదురెదురు భుజాలు సమానంగా ఉండి కర్ణాలు కూడా సమానమైతే గది మూలలు సరిగ్గా ఉన్నట్టు. ఒకే మూల చూడాలంటే 3, 4, 5 లెక్క చాలు: ఒక వైపు 3 అడుగులు, రెండో వైపు 4 అడుగులు గుర్తు పెడితే వాటి మధ్య దూరం 5 అడుగులు రావాలి. టైల్స్ వేసేటప్పుడు గోడ పక్కన ముక్కలు వంకరగా కోయాల్సి వస్తోందంటే తప్పు చాలాసార్లు ఇక్కడే మొదలై ఉంటుంది.

తర్వాత రాడ్లు. డ్రాయింగ్ చేతిలో పెట్టుకుని రాడ్లు ఎన్ని, ఎంత లావు, వాటిని చుట్టి కట్టే రింగుల మధ్య దూరం ఎంత అని లెక్కపెట్టండి. మొహమాటపడొద్దు. బీమ్‌తో కలిసే చోట రింగులు దగ్గర దగ్గరగా ఉండాలి, కట్టడానికి కష్టమైన చోటు అదే కాబట్టి వాళ్ళు వదిలేసేదీ అక్కడే. రింగు రెండు కొసలూ 135 డిగ్రీలు వంగి లోపలి కాంక్రీటులోకి దిగాలి. ఊరికే 90 డిగ్రీలు మడిస్తే భూకంపం లాంటి కుదుపు వచ్చి పైపొర ఊడినప్పుడు ఆ రింగు విచ్చుకుంటుంది. రాడ్డుకి రాడ్డు అతికే చోట్లన్నీ ఒకే ఎత్తులో పడకూడదు.

రాడ్డుకీ షీటుకీ మధ్య వదిలే ఖాళీయే కవర్. పిల్లర్‌కి మామూలుగా 40 మి.మీ., స్లాబ్‌కి 20 మి.మీ. ఇస్తారు. మీ డ్రాయింగ్‌లో ఎంతుంటే అదే లెక్క. దీనికి కవర్ బ్లాకులు (ఆ మందంలో పోసిన చిన్న సిమెంటు దిమ్మెలు) కట్టాలి, కంకర రాయి దోపితే కాదు, కాంక్రీటు పోసేటప్పుడు రాయి జారిపోతుంది. కవర్ తగ్గితే కొన్నేళ్ళకి తేమ రాడ్డుని చేరి తుప్పు పడుతుంది, తుప్పు రాడ్డు కంటే ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది కాబట్టి కాంక్రీటుని లోపలి నుంచి పగలగొడుతుంది.

షీట్లు బిగించాక తూకం గుండు వేసి రెండు పక్కల నుంచి నిలువు చూడండి, కాంక్రీటు పోసిన వెంటనే, అది ఇంకా పచ్చిగా ఉండగానే మరోసారి చూడండి. కాంక్రీటుని 1.5 మీటర్ల కంటే ఎత్తు నుంచి వదలనివ్వకండి, కంకర ఒకచోట, పేస్టు ఒకచోట విడిపోయి పిల్లర్ అడుగు తేనెపట్టులా తయారవుతుంది. అలా వచ్చిన చోట రాత్రికి రాత్రి సిమెంటు పూసి కప్పేసే అలవాటు కొందరికుంది. పూయకముందే ఫోటో తీసి ఇంజనీరుకి చూపించండి.

నీళ్ళ సంగతి

ఇల్లు బలహీనపడేది సిమెంటు తక్కువై మాత్రమే అనుకుంటాం, నీళ్ళు ఎక్కువైనా అంతే జరుగుతుంది. 50 కిలోల బస్తాకి సుమారు 22 నుంచి 25 లీటర్లు, అందులోనే ఇసుకలో ఉన్న తడి కూడా కలిపి. జారుగా ఉంటే పోసేవాళ్ళకి తేలిక, అందుకే అడగకుండానే ఇంకో బకెట్ పడుతుంది. ఆ అదనపు నీరు ఆరిపోయాక దాని చోట ఖాళీలు మిగులుతాయి, బలం అక్కడే పోతుంది. బకెట్‌కి లోపల పెయింట్‌తో గీత పెట్టించి, మిక్సర్ దగ్గర ఒక నమ్మకమైన మనిషిని నిలబెట్టండి. తడి ఇసుక పొంగి ఎక్కువగా కనబడుతుందని కూడా గుర్తుంచుకోండి, పెట్టెతో కొలిస్తే అసలు ఇసుక తక్కువ పడుతుంది.

స్లాబ్

ఈ పాఠంలో మీరు ఒక్క చోటే ఆగి చదవాలంటే ఇక్కడ ఆగండి.

కింద నుంచి మొదలుపెట్టండి. స్లాబ్ అచ్చుని కింద నుంచి మోసే జాకీలు మెత్తటి మట్టి మీద నిలబడకూడదు, అడుగున చెక్క ఉండాలి, నిలువుగా ఉండాలి, అడ్డంగా ఒకదానికొకటి కట్టి ఉండాలి. షీట్ల సందుల్లోంచి సిమెంటు పాలు కారిపోకుండా టేపో మాస్టిక్కో వేయించండి.

ఇప్పుడు పైకెక్కండి. గది మధ్యలో స్లాబ్ కిందికి వంగుతుంది కాబట్టి అక్కడ ముఖ్యమైన రాడ్లు అడుగున ఉంటాయి. బీమ్ మీదుగా వెళ్ళే చోట అదే స్లాబ్ పై వైపు సాగుతుంది, అక్కడ రాడ్లు పైన ఉండాలి. బాల్కనీ, సన్‌షేడ్ లాంటి ముందుకు పొడుచుకొచ్చిన వాటికైతే మొత్తం భారం మోసేది పై రాడ్లే. మనిషి చెయ్యి చాపి బరువు పట్టుకుంటే భుజం మీది కండరం లాగినట్టు. ఆ పై రాడ్ల కింద ఛైర్లు (రాడ్లని ఎత్తులో నిలిపే వంచిన కడ్డీ ముక్కలు) పెట్టకపోయినా, పెట్టినవి పనివాళ్ళు తొక్కి పడగొట్టినా రాడ్లు కిందికి జారిపోతాయి, కాంక్రీటు వాటిని కప్పేస్తుంది, బయటికి మాత్రం బాల్కనీ చక్కగానే కనబడుతుంది. సెంట్రింగ్ తీసిన రోజునే కూలినవి ఉన్నాయి, కొన్నేళ్ళు నిలబడి ఆ తర్వాత మనుషులతో సహా పడినవీ ఉన్నాయి. అందుకే కాంక్రీటు మోసేవాళ్ళు నడవడానికి పలకలు వేయించండి, పోస్తున్నంతసేపూ ఒక రాడ్ బెండింగ్ మనిషిని అక్కడే ఉంచి, దిగిన రాడ్డుని దిగినట్టే పైకి లేపమనండి. ఇందులో మాత్రం ఎవరు విసుక్కున్నా వెనక్కి తగ్గొద్దు.

కరెంటు పైపులు, ఫ్యాన్ బాక్సులు, బాత్రూం పైపుల దారులు అన్నీ ఇప్పుడే పడాలి. తర్వాత బీమ్‌కి కన్నం కొడతామంటే ఒప్పుకోకండి. అన్నీ అయ్యాక, టేపు కూడా కనబడేలా పెట్టి ప్రతి గదికీ పై నుంచి ఫోటోలు తీసుకోండి, పదేళ్ళ తర్వాత సీలింగ్‌కి డ్రిల్ పెట్టేటప్పుడు పైపు ఎక్కడుందో ఆ ఫోటోయే చెప్తుంది.

పోసే రోజు కాంక్రీటుని కుదిపి గాలి బుడగలు తీసే వైబ్రేటర్ ఒకటి కాదు, రెండు ఉండాలి. వాన పడితేనో మిక్సర్ చెడితేనో పని ఎక్కడ ఆపాలన్నది ముందే ఇంజనీరుతో గుర్తు పెట్టించండి, ఆ టెన్షన్‌లో అప్పటికప్పుడు ఎవరూ సరిగ్గా ఆలోచించలేరు. బలం పరీక్షించడానికి అదే కాంక్రీటుతో 150 మి.మీ. క్యూబులు ఆరు పోయించండి: మూడు 7 రోజులకి, మూడు 28 రోజులకి పరీక్షకి వెళ్తాయి.

పైన గట్టిపడగానే చిన్న గట్లు కట్టి నీళ్ళు నిలపాలి. మామూలు సిమెంటుకి కనీసం 7 రోజులు, బూడిద కలిసిన సిమెంటుకి 10 రోజులు, ఎండలు మండుతుంటే ఇంకా ఎక్కువ. స్లాబ్ కింది జాకీలు 4.5 మీటర్ల లోపు గదికి 7 రోజులు, అంతకు మించితే 14 రోజులు ఉంచాలి. బీమ్ కిందివి 6 మీటర్ల దాకా 14 రోజులు, ఆపైన 21. ఇవి మరీ చలి లేనప్పటి కనీసాలు. బాల్కనీ, సన్‌షేడ్‌లకి గడువు ఇంజనీరునే అడగండి, అక్కడ తొందర అసలు పనికిరాదు.

బయటి గోడలు

మొదటి వరసని సిమెంటు లేకుండా పేర్చి చూడమనండి, తలుపులు, కిటికీలు ఎక్కడ పడతాయో అప్పుడే తెలుస్తుంది. మట్టి ఇటుకల్ని బాగా తడిపాకే వాడాలి, లేకపోతే సిమెంటులో నీళ్ళని అవే తాగేస్తాయి. ఒక రోజులో 1.5 మీటర్లకి మించి గోడ లేపనివ్వకండి. బీమ్ అడుగుదాకా కట్టి అదే రోజు సందు మూసేస్తే, గోడ కుదురుకున్నాక అక్కడ అడ్డంగా బీట వస్తుంది. కొన్ని రోజులు ఆగి మూయించండి. పిల్లరూ ఇటుకా కలిసే గీత మీద ప్లాస్టరింగ్‌కి ముందు తీగ జాలీ కొట్టాలి, నున్నటి కాంక్రీటుకి గాట్లు పెట్టాలి. తలుపు, కిటికీల పైన వచ్చే లింటెల్ రెండు వైపులా గోడ మీద కనీసం 150 మి.మీ. కూర్చోవాలి. కిటికీలకి ఆర్డర్ ఇచ్చేముందు డ్రాయింగ్ కొలతలు కాదు, గోడలో వచ్చిన అసలు కొలతలు తీసుకోండి.

బయటి గోడకి మొదటి శత్రువు వాన. కిటికీ అడుగు గట్టు బయటికి వాలుగా ఉండాలి. సన్‌షేడ్ అడుగున, అంచుకి కాస్త లోపలగా, పొడవునా ఒక గాడి ఉండాలి. వాన నీరు అంచు దాటి అడుగు పట్టుకుని గోడ వైపు పాకుతుంది, గాడి దగ్గరికి రాగానే అక్కడే చుక్కలై రాలిపోతుంది. మా ఇంటికి ఆ గాడి పెట్టలేదు, నేనూ గమనించలేదు. రెండు వానాకాలాలు గడిచేసరికి ప్రతి కిటికీ పైనా నల్లటి చార, లోపల పెయింట్ పొంగి రాలడం. మళ్ళీ పరంజా కట్టించి కోయించాల్సి వచ్చింది. పది నిమిషాల పని అది, సరైన రోజున అడిగి ఉంటే.

ప్లాస్టరింగ్ పై నుంచి కిందికి రావాలి, 12 మి.మీ. ఒక పొర, 8 మి.మీ. ఇంకో పొర. పరంజా కర్రల కన్నాలని ఇటుక ముక్కలు కుక్కి కాదు, కాంక్రీటుతో నింపించి, పరంజా విప్పకముందే లెక్కపెట్టుకోండి.

ఈ వారం పని

ఒక పొడవాటి నోటుపుస్తకం తీసుకోండి. ఒక్కో పేజీకి ఒక్కో మూత: పిల్లర్, బీమ్, స్లాబ్, లింటెల్, ప్లాస్టరింగ్. కింద మీ ఇంటి డ్రాయింగ్‌లోంచి ఆ మూతకి సంబంధించిన అంకెలన్నీ మీ చేత్తో ఎక్కించండి: రాడ్ల సంఖ్య, లావు, రింగుల దూరం, కవర్. అర్థం కాని అంకె పక్కన ప్రశ్న గుర్తు పెట్టి, శనివారం లోపు ఇంజనీరుని అడగండి. అలవాటు కోసం, ఇప్పుడు మీరు కూర్చున్న గదికే రెండు కర్ణాలు కొలిచి తేడా ఎంతుందో మొదటి పేజీలో రాయండి. వచ్చే పాఠం పిట్టగోడ, డాబా వాలు, నీళ్ళు నిలిపి చేసే పరీక్ష గురించి.