స్లో కుక్కర్‌లో బెల్లం పాకం పట్టిన హామ్ ఎలా వండాలి?

హామ్ విషయంలో ముందుగా తెలుసుకోవలసింది ఒకటుంది: మనం వండేది చాలా తక్కువ. పంది వెనక తొడను ఉప్పునీటిలో ఊరబెట్టి, పొగ పట్టించి, చాలాసార్లు పూర్తిగా ఉడికించి మరీ అమ్ముతారు. అది మన వంటింటికి వచ్చేసరికి మిగిలేవి రెండు పనులు. ఎండిపోకుండా లోపలిదాకా వేడి చేయడం ఒకటి, పైన తీపి పాకం పట్టించడం రెండోది. మొదటి పనిని స్లో కుక్కర్, అంటే సన్న సెగ మీద గంటలకొద్దీ ఉడికించే కరెంటు పాత్ర, ఎవరి సాయం లేకుండా చేసుకుపోతుంది. రెండో పని దానికి చేతకాదు. ఈ తేడా గమనించని వారు పాకాన్ని మొదట్లోనే కుక్కర్లో గుమ్మరిస్తారు. నాలుగు గంటల తర్వాత మూత తీస్తే తీపి నీళ్లలో తేలుతున్న పాలిపోయిన మాంసం కనిపిస్తుంది.

తప్పు కుక్కర్‌ది కాదు, అది పుట్టిన పని వేరు. అమెరికాలో ఇర్వింగ్ నాక్సన్ అనే ఆయన 1940లో పేటెంట్ పొందిన ఈ పాత్రను మొదట గింజలు ఉడికించడానికే అమ్మారు. 1971లో రైవల్ కంపెనీ దానికి క్రాక్‌పాట్ అని పేరు పెట్టి మార్కెట్లోకి తెచ్చాకే అది ఇళ్లలో బాగా ప్రచారమైంది. గింజలకు కావలసింది తడి, సన్నని సెగ, బోలెడంత సమయం. మూత కింద ఆవిరి నిలిచి ఉంటుంది కాబట్టి లోపలి వేడి నీరు మరిగే స్థాయిని దాటదు. పాకం ఎర్రబడి మెరవాలంటే పొడి వేడి కావాలి. అందుకే ఈ వంటలో చివరి పది పదిహేను నిమిషాలు ఓవెన్‌కో, ఇనుప పెనానికో వదిలేయాలి.

హామ్ కొనేటప్పుడు

రాయలసీమ పట్టణాల్లో ముద్ద హామ్ ఎప్పుడూ దొరికే సరుకు కాదు. అనంతపురం వాళ్లకు బెంగళూరు, కర్నూలు వాళ్లకు హైదరాబాద్ రెండు వందల కిలోమీటర్ల పైచిలుకు దూరంలో ఉన్నాయి. కడప వాళ్లు బెంగళూరు నుంచైనా చెన్నై నుంచైనా తెప్పించుకోవచ్చు. ఆ నగరాల్లోని శీతల మాంసం దుకాణాల్లో క్రిస్మస్ ముందు ఒకటి, రెండు కిలోల ఎముక లేని ముద్దలు గడ్డకట్టించి అమ్ముతారు. థర్మోకోల్ పెట్టెలో ఐస్ గట్టిగా కూరి, మూతకు టేపు వేసి తెచ్చుకోండి. ఎండ పడే కిటికీ పక్కన పెట్టి తేవద్దు. శాండ్‌విచ్‌ల కోసం పలుచగా కోసి అమ్మే ముక్కలు, చికెన్ హామ్ ఈ వంటకు పనికిరావు.

పొట్లం మీద 'ఫుల్లీ కుక్డ్' అని ఉందో లేదో తప్పక చూడండి. ఉంటే వేడి చేస్తే చాలు. ముద్ద మధ్యలో 60 డిగ్రీల సెల్సియస్ వస్తే పని అయినట్టే. ఆ మాట లేకపోతే అది పచ్చిదే అనుకోవాలి. దాన్ని 63 డిగ్రీలు దాటించి, కనీసం మూడు నిమిషాలు అలాగే ఉంచాకే కోయాలి. వంటింటి థర్మామీటర్ ఒకటి కొనుక్కుంటే ఈ అనుమానాలన్నీ తీరిపోతాయి. మాంసం వండే ప్రతి ఇంట్లోనూ అది ఉండాలని నా పట్టుదల.

ఊళ్లో దొరికే తాజా పంది తొడతో చేయవచ్చా అని అడుగుతారు. చేయవచ్చు, కానీ అది హామ్ కాదు. హామ్‌కు ఆ గులాబీ రంగు, ఆ రుచి నైట్రైట్ అనే రసాయనం కలిపిన ఉప్పు వల్ల వస్తాయి. దాని మోతాదు ఏ మాత్రం తప్పినా ప్రమాదమే, కాబట్టి ఇంట్లో ఆ ప్రయోగం వద్దు. తాజా మాంసాన్ని లీటరు నీటికి 60 గ్రాముల మామూలు ఉప్పు చొప్పున కలిపి, ఆ నీటిలో ఒక రాత్రి ఫ్రిజ్‌లో ఊరనివ్వండి. తర్వాత సన్న సెగ మీద ఏడెనిమిది గంటలు, ముక్క వేలితో నొక్కితే విడిపోయేదాకా ఉడికించండి. తాజా పంది మాంసంలో బద్దె పురుగు తిత్తులు ఉండే అవకాశం ఉంది కనుక సగం ఉడుకు అసలు పనికిరాదు. రంగు బూడిదగా ఉంటుంది గానీ పాకం పట్టించాక రుచికి లోటుండదు.

కావలసినవి (కిలోన్నర ముద్దకు, ఏడెనిమిది మందికి)

పూర్తిగా ఉడికించి అమ్మే ఎముక లేని హామ్: కిలోన్నర
బెల్లం తురుము: 150 గ్రాములు
చీనీకాయలు (బత్తాయిలు): నాలుగు
ఆవపిండి: రెండు టీస్పూన్లు
వెనిగర్ లేదా నిమ్మరసం: ఒక టేబుల్ స్పూను
లవంగాలు: పది పన్నెండు
దాల్చిన చెక్క: అంగుళం ముక్క
దంచిన మిరియాలు: అర టీస్పూను
నీళ్లు: అర కప్పు

ఉప్పు రాయడం మరచిపోలేదు. అది హామ్‌లోనే కావలసినదానికంటే ఎక్కువ ఉంది.

అమెరికా వంటల్లో ఇక్కడ గోధుమ రంగు చక్కెర, కమలాపండ్ల రసం, సీసాలో దొరికే ఆవముద్ద వేస్తారు. బెల్లం, చీనీ, ఆవపిండి వాటికి దిగదుడుపు కావు. నా నాలుకకైతే బెల్లమే మేలు. చక్కెరలో లేని కమ్మని వగరు అందులో ఉంది, ఆ పొగ వాసనకు అదే సరిజోడు. పసుపు పచ్చగా నిగనిగలాడే బెల్లం కాకుండా ముదురు రంగుది తీసుకోండి. లేత రంగు కోసం తయారీలో రసాయనాలు కలిపేవారున్నారు.

చీనీకాయలకు అనంతపురం, కడప జిల్లాల్లో కొదవ లేదు, మన తోటల్లో ఎక్కువగా కాసేది సాత్‌గుడి రకమే. రెండు జాగ్రత్తలు మాత్రం అవసరం. ఆ రసానికి పులుపు తక్కువ, అందుకే వెనిగర్. ఇక గింజ నలిగినా, తెల్లటి లోతొక్క పిండినా, రసం పిండి గంటలకొద్దీ నిలవ ఉంచినా చేదెక్కుతుంది. పాకం పెట్టే ముందే పిండుకోండి, ఆఖరి చుక్క దాకా పిప్పి చేయకండి.

ముందురోజు

గడ్డకట్టిన ముద్దను ఫ్రిజ్ కింది అరలో పళ్లెంలో పెట్టి కరగనివ్వండి. కిలోన్నరకు దాదాపు ఒక రోజు పడుతుంది. గట్టు మీద వదిలేస్తే పైభాగం వెచ్చబడి పాడవడం మొదలయ్యాక కూడా మధ్యలో మంచు అలాగే ఉంటుంది. గడ్డగా ఉన్నదాన్ని నేరుగా స్లో కుక్కర్లో వేయడమూ అంతే తప్పు. సూక్ష్మజీవులు పెరగడానికి అనువైన 5 నుంచి 60 డిగ్రీల మధ్య అది గంటలకొద్దీ ఉండిపోతుంది.

కుక్కర్లో

మూడున్నర లీటర్ల కుక్కర్‌లో కిలోన్నర ముద్ద సుఖంగా పడుతుంది. కుండ సగానికి పైగా, మూడింట రెండు వంతులకు లోపు నిండాలి. మూత సరిగ్గా కూర్చోకపోతే ముద్దను రెండుగా కోసి పెట్టండి.

హామ్‌ను చన్నీళ్లతో కడిగి తుడవండి. కొవ్వు ఉన్న వైపు కత్తి మొనతో అర సెంటీమీటరు లోతున అడ్డంగా, నిలువుగా గాట్లు పెట్టండి. గాటు మాంసంలోకి దిగితే లోపలి రసం కారిపోతుంది, కొవ్వు వరకే ఆగాలి. గాట్లు కలిసే చోట్ల లవంగాలు గుచ్చండి. కుండలో అర కప్పు నీళ్లు పోసి, కొవ్వు పైకి ఉండేలా ముద్దను దించి, మూత పెట్టి తక్కువ వేడి మీద మూడున్నర నుంచి నాలుగు గంటలు ఉంచండి. అర కప్పు చాలదేమోనని ఇంకా పోయకండి, హామ్ నుంచే నీరు ఊరుతుంది.

ఇక మూత జోలికి వెళ్లకండి. తీసిన ప్రతిసారీ పోయిన వేడి తిరిగి రావడానికి ఇరవై ముప్పై నిమిషాలు పడుతుంది. ఎక్కువ వేడి మీద పెడితే తొందరగా అవుతుంది కదా అనిపిస్తుంది. అవుతుంది గానీ, ఇప్పటికే ఒకసారి ఉడికిన మాంసం కాబట్టి పీచుపీచుగా ఎండుతుంది.

కరెంటు ఖర్చు గురించి బెంగ అక్కరలేదు. 200 వాట్ల కుక్కర్ నాలుగు గంటలు నడిస్తే ఒక యూనిట్ కూడా కాదు. కరెంటు పోతే మాత్రం ఆలోచించాలి. లోపల 60 డిగ్రీలు వచ్చాక పోయిందంటే మూత తీయకుండా రెండు గంటల వరకు నిశ్చింతగా ఉండవచ్చు. వేడెక్కక ముందే పోతే ఎదురుచూడకండి. ముద్దను, ఆ నీటిని మందపాటి గిన్నెలోకి మార్చి గ్యాస్ మీద అతి సన్న మంటపై గంటన్నర ఉంచి ముగించండి. స్లో కుక్కర్ లేని వారికీ ఇదే దారి. రైస్ కుక్కర్‌లోని వార్మ్ మీట ఈ పనికి చాలదు, అది వండిన అన్నాన్ని వెచ్చగా ఉంచడానికే.

పాకం

హామ్ దించడానికి అరగంట ముందు దీన్ని మొదలుపెట్టండి. ఆవపిండిలో రెండు స్పూన్ల చన్నీళ్లు కలిపి పది నిమిషాలు పక్కన ఉంచితే ఘాటు విచ్చుకుంటుంది. ముందే వెనిగర్ కలిపితే ఆ ఘాటు సరిగా పుట్టదు.

బెల్లాన్ని రెండు టేబుల్ స్పూన్ల నీళ్లతో కరిగించి వడకట్టండి. ఎంత మంచి బెల్లంలోనైనా ఇసుక, చెరకు పిప్పి నలకలు ఉంటాయి. అవి పంటి కింద పడితే ఇంత శ్రమా వృథా. వడకట్టిన దానిలో చీనీ రసం ఒక కప్పు పోసి, దాల్చిన చెక్క, మిరియాలు వేసి మధ్యస్థమైన మంట మీద మరగనివ్వండి. రసం సగానికి పైగా ఇంకాలి.

ఎక్కడ ఆపాలన్నది అరిసెలు చేసే చేతికి చెప్పనక్కరలేదు. చుక్కను వేళ్ల మధ్య నొక్కితే జిగురుగా అంటుకోవాలి, తీగ మాత్రం రాకూడదు. స్పూను వెనక పూస్తే పలుచని పొరగా నిలవాలి. తీగపాకం దాకా పోనిచ్చారో, ఓవెన్లో అది ఇంకా ముదిరి, వేరుశనగ చిక్కీలా కత్తి కింద పెళ్లున విరిగి మాంసం నుంచి ఊడివస్తుంది. మరీ లేతగా దించితే హామ్ మీద నిలవకుండా పళ్లెంలోకి జారిపోతుంది. రెండింట్లో లేత పాకమే నయం, మళ్లీ మరిగించుకోవచ్చు. ముదిరినదానికి కాస్త చీనీ రసం పోసి సరిచేయవచ్చు గానీ మెరుపు తగ్గుతుంది. దించాక దాల్చిన చెక్క తీసేసి, ఆవపిండి ముద్ద, వెనిగర్ కలపండి. మంట మీద కలిపితే ఆవ ఘాటు ఎగిరిపోతుంది.

మెరుపు

ఓవెన్‌ను 200 డిగ్రీలకు ముందుగా వేడి చేయండి. హామ్‌ను కుక్కర్ నుంచి తీసి, పైతడిని శుభ్రమైన గుడ్డతో అద్దండి. తడి మీద పాకం పట్టదు. ట్రేలో అల్యూమినియం రేకు పరిచి, కొవ్వు వైపు పైకి పెట్టి, సగం పాకం పూసి ఐదు నిమిషాలు ఉంచండి. మిగిలిన దానిలో ఎక్కువ భాగం పూసి మరో ఐదు నిమిషాలు. రంగు చాలలేదనిపిస్తే ఇంకో పొర. ఈ సమయంలో ఫోను తీయకండి. బెల్లంలో గ్లూకోజ్, ఫ్రక్టోజ్ కూడా ఉంటాయి కనుక తెల్ల చక్కెర కంటే త్వరగా ఎర్రబడుతుంది, అంతే త్వరగా మాడుతుంది.

ఓవెన్ లేకపోతే హామ్‌ను అంగుళం మందాన ముక్కలు కోయండి. ఇనుప పెనం వేడి చేసి చుక్క నూనె రాసి, పాకంలో ముంచిన ముక్కలను ఒక్కో వైపు నిమిషం చొప్పున కాల్చండి. ముద్దగా బల్ల మీదికి తెచ్చే దర్పం ఉండదు గానీ, ప్రతి ముక్కకూ అన్ని వైపులా పాకం దొరుకుతుంది. పిల్లలకు ఇదే ఎక్కువ నచ్చుతుంది.

ముద్ద చేసినవారు పదిహేను నిమిషాలు ఆగి, లవంగాలు ఏరేసి, పీచుకు అడ్డంగా పలుచగా కోయండి. రక్తపోటు ఉన్నవారి పళ్లెంలో రెండు ముక్కలకు మించవద్దు, ఇది ఉప్పుతో నిలవచేసిన మాంసం.

పక్కన ఏమి పెట్టాలి? రాగి సంగటికి ఇది కుదరదు, సంగటికి పులుసు ఉండాలి. జొన్నరొట్టె మాత్రం దీనికోసమే పుట్టినట్టుంటుంది, ముఖ్యంగా పక్కన ఎర్రకారం ఉంటే. ఆ తీపిని ఎర్రకారం అదుపులో పెడుతుంది. నూరేటప్పుడు ఉప్పు తగ్గించండి.

మిగిలితే

కుండలో మిగిలిన నీటిని పారబోయకండి. చల్లార్చి ఫ్రిజ్‌లో పెడితే కొవ్వు పైన గడ్డకడుతుంది. దాన్ని తీసేసి, కిందిదాన్ని కందిపప్పు ఉడికించే నీళ్లలో ఒక గరిటె కలిపితే పొగ వాసనతో పప్పు కొత్త రుచి పడుతుంది. కోసిన హామ్‌ను బల్ల మీద రెండు గంటలకు మించి ఉంచకండి. ఫ్రిజ్‌లో మూడు నాలుగు రోజులు, గడ్డకట్టిస్తే నెల రెండు నెలలు నిలుస్తుంది.

మర్నాటి ఉదయానికి ఉగ్గాని చేయండి. చిన్న ముక్కలుగా తరిగిన హామ్‌ను పోపులో ఉల్లిపాయ, పచ్చిమిర్చితో పాటు వేయించి, తడిపి పిండిన బొరుగులు, పుట్నాల పొడి కలిపి నిమ్మరసం పిండాలి. బొరుగుల్లోనూ హామ్‌లోనూ ఉప్పు ఉంది కాబట్టి విడిగా ఉప్పు వేయకుండా, ముందు రుచి చూడండి.