బ్రేక్ పగలడం లేదా? కర్ర మార్చేముందు రాక్ చూడండి

ఆడలేక మద్దెల ఓడు అంటాం కదా. పూల్ బల్ల దగ్గర మాత్రం చాలాసార్లు నిజంగానే మద్దెల ఓడు. బ్రేక్, అంటే ఆట మొదట్లో బాల్స్ గుంపుని చెదరగొట్టే దెబ్బ, సరిగ్గా పడకపోతే భుజం మీద, కర్ర మీద, రాత్రి నిద్ర చాలకపోవడం మీద నెపం వేస్తాం. బాల్స్ ఎలా సెట్ చేశామన్నది మాత్రం చూసుకోం. బాల్స్ పేర్చే ఫ్రేమ్, అదే ట్రయాంగిల్, తీశాక మిగిలే గుంపే రాక్. మంచి రాక్, చెడ్డ రాక్ దూరం నుంచి ఒకేలా కనిపిస్తాయి మరి.

కాలేజీ రోజుల్లో నేను ఆడిన పార్లర్లో ఒక పెద్దవయసు మార్కర్ ఉండేవాడు. మార్కర్ అంటే తెలియనివాళ్ళకి: బల్ల తుడిచి, బాల్స్ సెట్ చేసి, స్కోరు రాసి, టైము చూసి డబ్బు ఎంతయిందో చెప్పే మనిషి. నా బ్రేక్‌లో బలం లేదని బరువైన కర్ర కొనబోతుంటే, "కర్ర కాదు బాబూ, బాల్స్ అటూ ఇటూ మార్చి చూడు" అన్నాడు. కింద రాసినదాంట్లో సగం ఆ ఒక్క మాటకి వివరణే.

గట్టిగా కొట్టినా గుంపు విడిపోదు

లక్షణం ఇలా ఉంటుంది. క్యూ బాల్ (కర్రతో కొట్టే తెల్ల బాల్) రాక్ ముందు బాల్‌ని నిండుగానే తాకుతుంది, కానీ ఫెళ్ళుమని మోగాల్సింది 'టప్'మని మెత్తగా వినిపిస్తుంది. రెండు మూడు బాల్స్ పక్కకి పోతాయి, వెనక వరసలో నాలుగైదు ముద్దలా అక్కడే కూర్చుంటాయి.

కారణం సందులు. 15 బాల్స్ త్రికోణంలో ఒక బాల్ ఇంకో బాల్‌ని తాకే చోట్లు 30 ఉంటాయి. 10 బాల్ ఆటలో 18, 9 బాల్ డైమండ్‌లో 16. దెబ్బ వెనక్కి పాకేది ఈ తాకే చోట్ల గుండానే. ఒక చోట వెంట్రుకంత సందు ఉన్నా దెబ్బ ఆ దారి వదిలేసి పక్క దారి పడుతుంది, దాంతో ఒక పక్క విరజిమ్మినట్టు పోతుంది, ఇంకో పక్క కదలదు. అన్నిటికన్నా చేటు చేసేది మొదటి బాల్ వెనక ఉన్న సందు. ముందు బాల్ రెండో వరసలోని రెండిటినీ తాకి ఉండాలి. ఒకదాన్నే తాకితే మిగతా రాక్ ఎంత బిగుతుగా ఉన్నా లాభం లేదు.

సందుని నిలబడి చూస్తే పట్టుకోలేరు. వంగి కళ్ళు బాల్స్ ఎత్తుకి తెచ్చుకోండి, అవతలి పక్క నుంచి ఎవరినైనా ఫోన్ టార్చ్ వేయమనండి. బాల్‌కీ బాల్‌కీ మధ్య సన్నటి వెలుగు గీత కనిపిస్తే అక్కడ తాకడం లేదన్నమాట.

ఇక తప్పు ఎవరిదో తేల్చాలి. మార్కర్ చెప్పిన కిటుకు ఇక్కడే. సందు ఉన్నచోట బాల్‌ని తీసి రాక్‌లో వేరే చోటికి మార్చండి, మళ్ళీ సెట్ చేయండి. మూడింట్లో ఒకటి జరుగుతుంది.

సందు ఆ బాల్ వెంటే వెళ్ళిందా, బాల్‌దే తప్పు. పూల్ బాల్ వ్యాసం 57.15 మిల్లీమీటర్లు, తేడా 0.127 దాటకూడదని ప్రపంచ పోటీల ప్రమాణం. ఏళ్ళ తరబడి వాడితే బాల్స్ అరుగుతాయి, అన్నీ ఒకేలా అరగవు. పార్లర్లలో ఇంకో పాపం కూడా జరుగుతుంటుంది: ఒక బాల్ పగిలిందనో పోయిందనో పాత సెట్లోంచి ఇంకోటి తెచ్చి కలిపేస్తారు. రంగు కలుస్తుంది, కొలత కలవదు. దీనికి మందు లేదు, ఒకే సెట్ బాల్స్ వాడడమే. అయితే సెట్ పారేయడానికి ముందు ఒకసారి కడిగి చూడండి. చాక్ పొడి, చేతి జిడ్డు, వాటికి తోడు మన దగ్గర చెమటకి చేతులకి రాసుకునే టాల్కం పౌడర్, ఇవన్నీ కలిసి బాల్ మీద పొరలా పేరుకుంటాయి. గోరువెచ్చటి నీళ్ళలో కొద్దిగా గిన్నెలు తోమే లిక్విడ్ వేసి కడిగి, మెత్తటి గుడ్డతో పూర్తిగా తడి లేకుండా తుడవండి. గరుకు పొడులు, పీచు దగ్గరికి రానివ్వకండి.

బాల్ మార్చినా సందు ఉన్నచోటే ఉందా, అయితే క్లాత్‌లో గుంట ఉంది. ప్రతి ఆటకీ అదే చోట బాల్స్ కూర్చుని, అదే చోట దెబ్బ తింటుంటే స్పాట్ (రాక్ పెట్టే చోట బల్ల మీద ఉండే గుర్తు) చుట్టూ చిన్న చిన్న పల్లాలు పడతాయి. బాల్ మీరు పెట్టిన చోట ఆగదు, పల్లంలోకి జారి అక్కడ ఆగుతుంది. బ్రష్‌తో ఆ చోటంతా బాగా దువ్వండి, కొంత సర్దుకుంటుంది. చాలామంది దీనికి విరుగుడుగా ఇంకో బాల్‌తో పైనుంచి 'టక్ టక్'మని కొట్టి కూర్చోబెడతారు. ఆ ఒక్క ఆటకి పని జరుగుతుంది, గుంట మాత్రం ఇంకా లోతవుతుంది. తప్పనిసరైతే తప్ప కొట్టొద్దు, ముందు బ్రష్ చేయండి అని అంతర్జాతీయ నిబంధనలూ చెబుతున్నాయి. గుంటలు వేలికి తగిలేంతగా పడితే క్లాత్ మార్చే రోజు వచ్చినట్టే.

ఇక సందు ప్రతిసారీ కొత్త చోట కనిపిస్తోందా? అప్పుడు చేతిదో, ఫ్రేమ్‌దో తప్పు. మూలల దగ్గర కాస్త నొక్కినా వంగే పల్చటి ప్లాస్టిక్ ట్రయాంగిల్ అయితే మార్చేయండి. ఫ్రేమ్ గట్టిదే అయితే ఇలా చేసి చూడండి: బాల్స్ అన్నీ వేశాక ఫ్రేమ్‌ని స్పాట్ దాటి కొంచెం ముందుకి దొర్లించి వెనక్కి తెచ్చి, మొదటి బాల్ స్పాట్ మీదికి వచ్చాక ఆపండి. రెండు చేతుల వేళ్ళూ వెనక వరసకీ ఫ్రేమ్‌కీ మధ్య దించి, అయిదు బాల్స్‌నీ సమానంగా ముందుకి నొక్కండి. వేళ్ళు తీశాక వెంటనే పైకి లాగకండి. ఫ్రేమ్‌ని ఒక పిసరు ముందుకి జరిపితే ముందు మూల బాల్స్‌ని వదులుతుంది, అప్పుడు నిదానంగా ఎత్తండి. తొందరపాటు మనిషి చేతిలో రాక్ ఎప్పుడూ బిగవదు, ఇది నా అనుభవం.

ఈ బాధలన్నీ పడలేనివాళ్ళకి మ్యాజిక్ రాక్ లాంటి పల్చటి ప్లాస్టిక్ షీట్లున్నాయి. బాల్స్ కూర్చునే చోట్ల కన్నాలుంటాయి. బల్ల మీద పరిచి బాల్స్ పెడితే వాటంతటవే ఒకదానికొకటి ఆనుకుంటాయి, బ్రేక్ అయ్యాక వీలు చూసి షీట్ తీసేయాలి. ఇంట్లో బల్ల ఉన్నవాళ్ళకి దీనికి మించింది లేదు.

ట్రయాంగిల్ ఎత్తగానే ముందు బాల్ జారిపోతుంది

గుంట లేకపోతే చూడాల్సినవి రెండు. ఒకటి, స్పాట్ స్టిక్కర్. పాతదాని మీద కొత్తది, దాని మీద ఇంకోటి అంటించుకుంటూ పోతే అది మెట్టులా తయారవుతుంది, అంచు మీద బాల్ నిలవదు. అన్నీ పీకి ఒక్కటే అంటించండి. రెండోది, బల్ల ఒరుగు. ఒక బాల్‌ని కుషన్‌కి (బల్ల అంచుకి) సమాంతరంగా చాలా నెమ్మదిగా దొర్లించండి, ఆగేముందు పక్కకి తిరిగితే బల్ల ఒరిగినట్టే. రాతి పలక బల్ల అయితే కాళ్ళ దగ్గర సరిచేయించుకోవచ్చు. చెక్కపొట్టు బోర్డుతో చేసిన చవక బల్ల వానాకాలం తేమకి ఉబ్బిందంటే మాత్రం చేయగలిగేది తక్కువ.

బాల్స్ ఫ్రేమ్‌లో పట్టవు, లేదా కదులుతూ ఉంటాయి

నవ్వొస్తుంది కానీ స్నూకర్, పూల్ బల్లలు రెండూ ఉన్న ప్రతి పార్లర్లోనూ జరిగేదే. స్నూకర్ బాల్ 52.5 మిల్లీమీటర్లు. దాని ట్రయాంగిల్లో 15 పూల్ బాల్స్ పట్టవు. తిరగేసి పూల్ ట్రయాంగిల్లో స్నూకర్ రెడ్స్ వేస్తే అయిదు బాల్స్ వరసకి దాదాపు 23 మిల్లీమీటర్ల ఖాళీ మిగులుతుంది. ఫ్రేమ్‌ల మీద పెయింట్‌తో గుర్తు వేస్తే గొడవ వదులుతుంది.

ప్రతిసారీ ఒక పక్కే చెదురుతుంది

రాక్ బిగుతుగానే ఉంది, వంకరగా ఉంది. బ్రేక్ కొట్టే చివర నిలబడి చూడండి. మొదటి బాల్, మూడో వరస నడిమి బాల్, చివరి వరస నడిమి బాల్, అవతలి కుషన్ మధ్య గుర్తు, ఈ నాలుగూ ఒకే గీతలో ఉండాలి. స్పాట్ చెరిగిపోయి ఉంటే మళ్ళీ కనుక్కోవడం తేలికే: పొడవు పక్కల మీద రాక్ చివర నుంచి రెండో గుర్తుల మధ్య ఒక దారం, రెండు చివరల మధ్య గుర్తులని కలుపుతూ ఇంకో దారం పట్టండి. అవి దాటుకున్న చోటే స్పాట్. 9 అడుగుల బల్లకి ఆట స్థలం 100 అంగుళాల పొడవు, కాబట్టి కుషన్ నుంచి 25 అంగుళాలు వస్తుంది.

8 బాల్: సెట్ చేయగానే వాదన

ఇక్కడ లక్షణం చప్పుడు కాదు, గొడవ. "1 ముందుండాలి" అని ఒకరు, "సాలిడ్, స్ట్రైప్ ఒకటి విడిచి ఒకటి రావాలి" అని ఇంకొకరు. (సాలిడ్ అంటే నిండు రంగు బాల్, స్ట్రైప్ అంటే రంగు పట్టీ ఉన్న బాల్.) అంతర్జాతీయ నిబంధన ఇంత కష్టపెట్టదు. 8 మూడో వరస నడుమ ఉండాలి. వెనక రెండు మూలల్లో ఒకటి సాలిడ్, ఒకటి స్ట్రైప్ ఉండాలి. మిగతావి ఎలా పడితే అలా. ముందు ఏ బాల్ ఉన్నా సరే, అది స్పాట్ మీద ఉంటే చాలు. అంటే బాల్స్ గుప్పించేసి, 8ని మధ్యలోకి మార్చి, రెండు మూలలూ ఒకే రకం అయితే ఒకదాన్ని రెండో రకం బాల్‌తో మారిస్తే పని అయిపోయింది. 8ని నాలుగో వరసలో పెట్టేసేవాళ్ళని గుర్తుపట్టడం ఎలాగంటే, ఆ వరసలో నాలుగే బాల్స్, నడుమ అనేదే లేదు.

బ్రిటన్‌లో చదువుకుంటున్న మనవాళ్ళు పబ్‌లో ఆడితే ఇంకో తికమక వస్తుంది. అక్కడి బ్లాక్‌బాల్ ఆటలో ఎరుపు 7, పసుపు 7, ఒక నలుపు. బాల్స్ చిన్నవి, స్పాట్ మీద కూర్చునేది నల్లదే, ముందు బాల్ కాదు. అలవాటుగా ముందు బాల్‌ని స్పాట్ మీద పెడితే రాక్ మొత్తం రెండు వరసలు వెనక్కి పోయినట్టే.

ఇంకో తగువు కూడా బ్రేక్‌కి ముందే తీర్చుకోండి. బ్రేక్‌లో 8 పడితే గెలిచినట్టా? మన పార్లర్లు చాలావాటిలో అవునంటారు. అంతర్జాతీయ నిబంధనలో అది గెలుపూ కాదు, ఫౌలూ కాదు. క్యూ బాల్ పాకెట్లో పడకపోతే, 8ని మళ్ళీ స్పాట్ మీద పెట్టించుకుని ఆడతారో, మళ్ళీ బ్రేక్ చేస్తారో కొట్టినవాళ్ళ ఇష్టం.

9 బాల్: మూల బాల్ ప్రతిసారీ పడిపోతుంది, లేదా 9 ఊరికే పరిగెడుతుంది

9 బాల్ డైమండ్ ఆకారం: 1, 2, 3, 2, 1 వరసలు. 1వ నంబరు ముందు స్పాట్ మీద, 9 నడుమ, మిగతావి ఎలాగైనా. డైమండ్ ఫ్రేమ్ లేకపోతే ట్రయాంగిల్ ముందు మూలనే వాడుకుని, వెనక మూడు బాల్స్‌ని వేళ్ళతో నొక్కి పట్టాలి.

రాక్ బిగుతుగా ఉంటే 9 నడుమ పెద్దగా కదలదు. ఎదుటివాళ్ళు సెట్ చేసిన రాక్‌లో 9 మాటిమాటికీ ఒక పాకెట్ వైపు పోతుంటే దాని చుట్టూ సందుందని అనుమానించండి, తర్వాతి ఆటకి టార్చ్ వేసి చూడండి. 9 బ్రేక్‌లో పడితే ఆట గెలిచినట్టే కాబట్టి ఇక్కడ నిర్లక్ష్యానికి, కుతంత్రానికి తేడా తెలియదు.

మూల బాల్ సంగతి దీనికి తలకిందులు. రాక్ బాగా బిగిస్తే డైమండ్ పక్క రెక్కల్లోని, అంటే మూడు బాల్స్ వరస చివర ఉన్న, బాల్ నేరుగా మూల పాకెట్ దారి పడుతుంది. ఇది లోపం కాదు, రాక్ బాగుండబట్టే! అందుకే పెద్ద ప్రొఫెషనల్ పోటీల్లో 1కి బదులు 9ని స్పాట్ మీద పెట్టే పద్ధతి తెచ్చారు. అలా చేస్తే రాక్ మొత్తం రెండు వరసలు, అంటే సుమారు 99 మిల్లీమీటర్లు ముందుకి జరుగుతుంది, రెక్క బాల్‌కి పాకెట్ సూటిగా దొరకదు. ఇంట్లో ఇద్దరూ ప్రతి బ్రేక్‌కీ అదే బాల్ వేసేస్తుంటే ఈ పద్ధతికి మారండి.

10 బాల్, రొటేషన్

10 బాల్‌లో నాలుగు వరసల త్రికోణం, 1 ముందు, 10 మూడో వరస నడుమ. 9 బాల్ అలవాటుతో 10ని చివర పెట్టేయడమే ఇక్కడి పొరపాటు. ఫిలిప్పీన్స్‌లో బాగా ఆడే రొటేషన్‌లో 15 బాల్స్ ఉంటాయి: 1 ముందు, 2, 3 వెనక మూలల్లో, 15 నడుమ.

14.1: రాక్ మళ్ళీ పెట్టబోతే చోటు లేదు

స్ట్రెయిట్ పూల్ అనే ఈ ఆటలో 14 బాల్స్ అయిపోగానే వాటిని మళ్ళీ పేరుస్తారు, ముందు మూల ఖాళీగా వదిలేస్తారు, 15వది ఉన్నచోటే ఉంటుంది. అమెరికన్ ఆటగాడు విల్లీ మోస్కోనీ 1954లో ఒహాయోలోని స్ప్రింగ్‌ఫీల్డ్‌లో వరసగా 526 బాల్స్ వేశాడు. అంటే సుమారు 37 సార్లు రాక్ పెట్టించుకున్నాడన్నమాట. ఆ పెట్టినవాడి చేతికీ దణ్ణం పెట్టాలి.

చిక్కు ఎక్కడంటే, ఆ 15వ బాల్ రాక్ చోటులోనే ఆగిపోతే? అది అడ్డొస్తోందా లేదా అని చూపు అంచనాతో వాదించుకోకుండా, ట్రయాంగిల్ బయటి అంచు వెంట క్లాత్ మీద సన్నటి పెన్సిల్ గీత ముందే గీసి ఉంచుకోవాలి. క్యూ బాల్ బయట ఉండి ఈ బాల్ గీత లోపల చిక్కితే దాన్ని తీసి, బ్రేక్ కొట్టే వైపున్న హెడ్ స్పాట్ మీద పెడతారు. ఆ స్పాట్ మీద అప్పటికే క్యూ బాల్ ఉంటే బల్ల నడుమ స్పాట్‌కి పోతుంది.

స్నూకర్: బ్రేక్‌కి పింక్ కదిలిపోతుంది

రెడ్స్ పింక్‌ని తాకి ఉన్నాయి. ముందు రెడ్ పింక్‌కి ఎంత దగ్గరగా వీలైతే అంత దగ్గరగా ఉండాలి, తగలకూడదు. పింక్ పెట్టాక రెండిటి మధ్య పాత సినిమా టికెట్ ముక్క ఒకటి దూర్చి చూడండి. ఆగకుండా దూరి బయటికి వస్తే సరిపోయింది. దూరకపోతే పింక్‌ని కదపకండి, అది ఉన్నది దాని స్పాట్ మీదే. ట్రయాంగిల్ మళ్ళీ వేసి రెడ్స్‌నే వెనక్కి జరపండి.