తమిళ నోటికి తెలుగు మాట: చెన్నైలో డబ్బింగ్ మాటలు రాయాలనుకునేవాళ్ళకి

కోడంబాక్కం, సాలిగ్రామం, వడపళని చుట్టుపక్కల అద్దెకుంటూ సినిమాకి రాయాలనుకునే తెలుగువాళ్ళు ఇప్పటికీ ఉన్నారు. నేరుగా తెలుగు సినిమాకే రాయాలంటే హైదరాబాద్ వెళ్ళాల్సిందే, పరిశ్రమ అటు తరలిపోయి దశాబ్దాలైంది. కానీ తమిళ సినిమాకి తెలుగు మాటలు రాసే పని మాత్రం ఇక్కడ బాగానే దొరుకుతుంది, పైగా రెండు భాషలూ ఇంట్లోనూ వీధిలోనూ విని పెరిగినవాళ్ళకి అది చేతికందే పని. దీన్ని తక్కువ పని అనేవాళ్ళ మాట వినకండి. తెలుగులోకి డబ్బింగ్ అయిన మొదటి సినిమా 'ఆహుతి'కి 1950లో మాటలు రాసింది శ్రీశ్రీ. ఆ తర్వాత రాజశ్రీ, వెన్నెలకంటి ఇదే ఊళ్ళో కూర్చుని ఈ పనినే ఒక విద్యగా నిలబెట్టారు.

సినిమా చేతికి రాగానే రాయడం మొదలుపెట్టొద్దు. మీకు ఇచ్చేది టైమ్‌కోడ్, అంటే సినిమాలో ఎన్నో నిమిషం ఎన్నో సెకను అన్న అంకె, తెర మీద పడుతూ కనిపించే తక్కువ క్వాలిటీ కాపీ. దాన్ని మొదటిసారి మామూలుగా చూడండి. రెండోసారి సౌండ్ పూర్తిగా తీసేసి నటుల నోళ్ళు మాత్రమే చూడండి. విసుగ్గా ఉంటుంది, అయినా ఎవరు నోరు పెద్దగా తెరిచి మాట్లాడతారో, ఎవరు పెదవి కదపకుండా గొణుగుతారో, ఏ సీన్లో మొహాలు దగ్గరగా ఉన్నాయో అప్పుడే తెలుస్తుంది. తమిళ డైలాగ్ పేపర్లు కూడా పంపిస్తారు గానీ వాటిని గుడ్డిగా నమ్మొద్దు, సెట్లో ఆర్టిస్టులు సగం మాటలు మార్చేసి ఉంటారు. ట్రాక్‌లో వినిపించేదే అసలు మాట.

ఇక పెదవుల సంగతి. ప, బ, మ పలకాలంటే రెండు పెదవులూ మూసుకోవాలి, ఎవరికైనా, ఏ భాషలోనైనా. వ పలికేటప్పుడు కింది పెదవి పళ్ళ దాకా వస్తుంది. ఉ, ఒ వస్తే పెదవులు గుండ్రంగా అవుతాయి. మిగతా అక్షరాల్లో చాలావరకు నాలుక లోపల చేసే పనులే, కెమెరాకి సరిగ్గా కనపడవు. అందుకే దగ్గరి షాట్‌లో నేను ముందు వెతికేది పెదవులు మూసుకునే చోట్లు. ఆ చోట్లకి తెలుగులో ప, బ, మలలో ఏదో ఒకటి వచ్చి పడితే, మిగతాది కాస్త అటూ ఇటూ అయినా కంటికి పట్టదు.

ఒక వాక్యం తీసుకుందాం. హీరో విలన్ మొహంలోకి చూస్తూ "నాన్ ఉన్నె విడమాట్టేన్" అంటాడు. "నేను నిన్ను వదలను" అని రాస్తే అర్థం సరిపోతుంది, కానీ తెర మీద 'మా' దగ్గర పెదవులు గట్టిగా మూసుకుని తెరుచుకుంటున్నాయి, మన వాక్యంలో అక్కడ మూసుకునే అక్షరమే లేదు. చూసేవాడికి కారణం తెలియదు, ఏదో తేడాగా ఉందని మాత్రం అనిపిస్తుంది. ఇప్పుడు "నే నిన్ను విడిచిపెట్టను" అని చూడండి. 'వి' మీద 'వి' పడింది, 'మా' మూసుకున్న చోట 'పె' మూసుకుంది, 'ట్టే' దగ్గర మన 'ట్ట' వచ్చింది. 'నేను'ని 'నే' చేశాం, ఎందుకంటే క్రియ చివర 'ను' ఎలాగూ ఉంది, ఒక అక్షరం మిగిలింది. రెండు మూడు అక్షరాలు ఎక్కువైనా అవి హ్రస్వాలు, ఆర్టిస్టు గబగబా లాగేస్తాడు. ఇలాంటిది కుదిరిన రోజు నాకు ఇంకేమీ అక్కర్లేదు.

మన అదృష్టం, రెండు భాషల్లోనూ క్రియ వాక్యం చివరే వస్తుంది, కాబట్టి నటుడు ఏ మాట మీద గొంతు పెంచాడో ఆ మాట తెలుగులోనూ దాదాపు అక్కడే ఉంటుంది. కొన్ని జతలు వాటంతటవే వచ్చేస్తాయి. 'పోడా'కి 'పోరా', 'పరవాయిల్లై'కి 'పరవాలేదు', 'ఎన్నంగ'కి 'ఏవండీ', 'పొంగలుక్కు' అంటే 'పండక్కి'. 'వణక్కం'కి 'నమస్కారం' ఒక అక్షరం పొడవే గానీ రెండూ పెదవి మూసే ముగుస్తాయి. స్నేహితుడు 'మచ్చాన్' అంటే 'బావా' అనొచ్చు. 'ఆమా' అన్నచోట 'అవును' నప్పకపోతే 'ఆ, మరి' అని చూడండి, చాలా సందర్భాల్లో అర్థం చెడదు. ఇలాంటివి ఒక నోటుబుక్కులో రాసిపెట్టుకుంటూ పోండి, పదేళ్ళకి అదే మీ ఆస్తి.

కానీ 'అప్పా' ఉంది చూశారూ, దానికి మందు లేదు. పెదవులు మూసుకుంటాయి, మన 'నాన్నా'లో మూసుకోవు. లిప్ కోసమని కొడుకు చేత తండ్రిని తెలుగువాడు పిలవని పిలుపుతో పిలిపించొద్దు. అక్కడ నేను ప్రతిసారీ 'నాన్నా' అనే రాస్తాను. కంటికీ చెవికీ తగాదా వస్తే చెవి పక్కనే నిలబడాలి. ప్రేక్షకుడు పెదవి తప్పినా క్షమిస్తాడు, పరాయి మాట వినిపిస్తే సీన్లోంచి బయటికి వచ్చేస్తాడు.

చెన్నై తెలుగువాళ్ళం మనం మరీ జాగ్రత్తగా ఉండాల్సింది ఇక్కడే. తమిళం మన తెలుగులోకి తెలియకుండానే దూరిపోయి ఉంటుంది. "పేసామ వీట్టుక్కు పో" అన్నదాన్ని ఒకసారి నేను "మాట్లాడకుండా ఇంటికి పో" అని రాశాను. 'పేసామ' అంటే అక్కడ మాట్లాడకపోవడం గురించి కాదు, ఇంకేమీ పెట్టుకోకుండా తిన్నగా వెళ్ళిపొమ్మని. "బుద్ధిగా ఇంటికి పో" అంటే సరిగ్గా అదే, పైగా 'పే' మీద 'బు' పడుతుంది. అప్పట్నుంచి రాసిన ప్రతి సీనూ నెల్లూరులో ఉన్న మా పెద్దమ్మకి ఫోన్లో చదివి వినిపించే అలవాటు పెట్టుకున్నాను. ఆవిడకి తమిళం రాదు. "ఎవరే అట్టా మాట్లాడేది?" అని ఆవిడ ఆపిందంటే ఆ మాట కొట్టేయాల్సిందే.

ఊళ్ళ పేర్లు మార్చొద్దు. బోర్డుల మీద తమిళం, బండి నంబరు ప్లేటు మీద టీఎన్ కనిపిస్తూ ఉంటే మదురైని తిరుపతి అనడం ఎవరూ నమ్మరు. తిరుక్కురళ్, అంటే వళ్ళువర్ రాసిన రెండేసి పాదాల నీతి పద్యం, వచ్చిందంటే మాత్రం కాసేపు కూర్చోవాలి. ఇక్కడ సిటీ బస్సుల్లో కూడా రాసి ఉంటుంది కాబట్టి తమిళ పాత్రలు దాన్ని మామూలు మాటలా వాడేస్తాయి. ఏడు పదాల్లో అయిపోయే కురళ్ బదులు మొత్తం వేమన పద్యం పట్టదు, మకుటానికి ముందున్న పాదం ఒక్కటే వాడుకోవచ్చు, గోడ మీద వళ్ళువర్ పటం కనిపించనంత వరకు.

పని వేగం గురించి ఒక్క మాట. డిజిటల్ వచ్చినా లెక్క ఇంకా రీళ్ళలోనే చెప్తారు, ఒక్కోటి ఇరవై నిమిషాలకి కాస్త అటూ ఇటూ. నేను రోజుకి ఒక రీలు మించి రాయను. రాసినదాన్ని బొమ్మ మీద నా గొంతుతోనే ఫోన్లో రికార్డు చేసి వింటాను. పేపరు మీద టైమ్‌కోడ్, పాత్ర పేరు, మాట, దాని పక్కన క్లోజా, దూరమా, వీపు కనిపిస్తోందా అన్నది రాయండి. వీపు తిరిగిన చోటు మీకు వరం, ముందు పట్టని అర్థమంతా అక్కడ చెప్పేయొచ్చు. నిట్టూర్పులు, దగ్గులు, ఏడుపు మధ్య ఎక్కిళ్ళు కూడా పేపర్లో ఉండాలి, లేకపోతే డబ్బింగ్ రోజు మర్చిపోతారు.

ఆ రోజు మీరు డబ్బింగ్ థియేటర్లో ఉండి తీరాలి. ఆర్టిస్టుకి నోరు తిరగని మాట వస్తే సౌండ్ ఇంజనీరో ఇంకెవరో తోచింది పెట్టించేస్తారు, తర్వాత అది మీ పేరు మీదే ఉంటుంది. ప్రతి ముఖ్యమైన లైనుకీ ఇంకో రెండు రకాలు చేతిలో పెట్టుకుని వెళ్ళండి.

డబ్బు విషయం మొదటి రీలుకి ముందే తేల్చుకోవాలి. నా మూడో సినిమాకి ఒక నిర్మాత మాట మీద పని చేశాను, సగం డబ్బు రాలేదు, టైటిల్స్‌లో నా పేరూ లేదు. ఆ బాధ ఇప్పటికీ ఉంది. కాగితం మీద ఉండాల్సినవి: ఎంత, ఎన్ని వాయిదాల్లో, చివరి వాయిదా డబ్బింగ్ పూర్తవకముందే రావాలన్నది, టీవీకి ఓటీటీకి మళ్ళీ వెర్షన్ రాయాల్సి వస్తే దానికి వేరే లెక్క, 'మాటలు' అని టైటిల్ కార్డులో పేరు. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం హక్కుల బదిలీ రాతపూర్వకంగానే ఉండాలి. అందులో కాలం రాయకపోతే ఐదేళ్ళు, ప్రాంతం రాయకపోతే ఇండియా వరకే అని లెక్క. హక్కులు ఇచ్చేసినా ఇది రాసింది నేనే అని చెప్పుకునే హక్కు 57వ సెక్షన్ కింద మీ దగ్గరే ఉంటుంది. ఫీజులో మామూలుగా 10 శాతం టీడీఎస్ కోస్తారు, కోసింది మీ పాన్ మీద కట్టారో లేదో చూసుకోండి.

సినిమా విడుదలైన రోజు పొద్దున్నే సెంట్రల్ దగ్గర లోకల్ రైలెక్కి సూళ్ళూరుపేట వెళ్తాను. ఆంధ్రాలో మనకి దగ్గరగా తెలుగు వెర్షన్ ఆడే ఊరు అది. వెనక వరసలో కూర్చుని, జనం నవ్వాల్సిన చోట నవ్వకపోతే చీకట్లోనే టికెట్ వెనకాల సీను గుర్తు రాసుకుంటాను. తర్వాతి సినిమా మొదటి రీలు మొదలుపెట్టేటప్పుడు ఆ టికెట్ బల్ల మీద ఉంటుంది.