ఫోన్ ఫొటోలు కంప్యూటర్‌లోకి: నా తిప్పలు

మొన్న సాగర్ డ్యాం గేట్లు ఎత్తినప్పుడు వీడియో తీద్దామంటే ఫోన్‌లో చోటు లేదు. నల్గొండ ఇంటికొచ్చిన రాత్రే దాన్ని కంప్యూటర్‌కు కలిపాను. ఛార్జింగ్ ఎక్కుతోంది గానీ ఫోన్ పేరు కనిపించదు. గంటసేపు సెట్టింగ్‌లన్నీ తిరగేశాక తెలిసింది, తప్పు కేబుల్‌ది. చవగ్గా వచ్చిందని కొన్న ఆ వైరు ఛార్జింగ్‌కే పనికొస్తుంది, డేటా పోదు. ఫోన్‌తో వచ్చిన పాత కేబుల్ పెట్టి, నోటిఫికేషన్‌లో ‘ఫైల్ ట్రాన్స్‌ఫర్’ నొక్కగానే ఫోల్డర్లు తెరుచుకున్నాయి.

కెమెరా ఫొటోలు డీసీఐఎం ఫోల్డర్‌లో ఉన్నాయి. వాట్సాప్‌వి అక్కడ లేవు; ఆండ్రాయిడ్, మీడియా, కామ్.వాట్సాప్ అంటూ లోపలికి వెళ్లాలి. చెల్లి పెళ్లి ఫొటోలు సగం అక్కడే ఉన్నాయి మరి!

అన్నీ ఒకేసారి కాపీ పెడితే మధ్యలో ఆగిపోయింది. కొన్ని కొన్నిగా లాగాను. కట్ చేయలేదు, కాపీయే. రెండువైపులా ఫైళ్ల లెక్క సరిచూసి, నాలుగు వీడియోలు తెరిచి చూశాకే ఫోన్‌లో తీసేశాను.

పెళ్లి వీడియో పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కనంది. ఆ పెన్‌డ్రైవ్ ఫ్యాట్32 అనే పాత ఫార్మాట్‌లో ఉంది, దానికి 4 జీబీ దాటిన ఫైలు పట్టదు. అందులో ఉన్నవి పక్కన పెట్టుకుని పెద్ద ఫైళ్లు పట్టే ఎక్స్‌ఫ్యాట్‌గా ఫార్మాట్ చేస్తే ఎక్కింది. ఆ పెన్‌డ్రైవ్ ఇప్పుడు అమ్మ బీరువాలో, పట్టుచీరల మధ్య ఉంది.